పూలు లేని గది

లార్క్‌ఫీల్డ్, ఇండియానా
1957 అక్టోబరు 6

తమ్ముడూ వెర్నన్,

కాలిఫోర్నియా వెళ్లాక నీ ఉత్తరాలు మరీ పొట్టివైపోయాయి. న్యూయార్క్‌లో ఉన్నప్పుడు అయిదేసి పేజీలు రాసేవాడివి. అక్కడ ఎండ ఎక్కువ కాబట్టి సిరా త్వరగా ఆరిపోతోందా?

గురువారం వచ్చిందంటే వీధిలో సగం మంది నా హాల్లోనే ఉంటున్నారు. కార్ల్ పోయాక ఇంత సందడి ఈ ఇంట్లో ఇప్పుడే చూస్తున్నాను. ‘మూసిన తలుపు’ మొదలై తెర మీద నీ పేరు పడగానే అందరూ నా వైపు చూస్తారు. నేనే ఎవర్నో చంపినట్టు ముఖం పెడతాను. మొన్న బ్యూటీ పార్లర్ బెర్నీస్ అడిగింది, “కోడిని కోస్తుంటే పారిపోయి అటకెక్కేవాడు కదే మీ వాడు, ఇన్ని చావులు వాడి బుర్రలోకి ఎక్కణ్నించి వస్తున్నాయి?” అని. “మా వాడు వినేదంతా దాచిపెట్టుకునే రకం” అన్నాను.

పక్కింటి ఓరిన్ రైన్‌హోల్ట్‌కి గుండె బాగా పాడైంది. మంచం దిగొద్దని డాక్టర్ లిండ్ గట్టిగా చెప్పాడు. జీవితమంతా గ్రీన్‌హౌస్‌లో గడిపిన మనిషి, మేడ మీద గోడలు చూస్తూ ఎలా ఉంటాడు చెప్పు? అందుకని ఆల్మా రోజూ పూలకుండీలు పైకి మోసుకెళ్లి మంచం చుట్టూ పెడుతోంది. అతను వేలితో మట్టి తాకి చూస్తాడు. “దీనికి నీళ్లెక్కువయ్యాయి, దీన్ని ఎండలో పెట్టు” అంటాడు. ఆమె మళ్లీ కిందికి మోస్తుంది, వేరేవి తెస్తుంది. నిన్న సూప్ తీసుకెళితే మనిషే కనబడలేదు. పూల మధ్యలోంచి ముక్కు మాత్రం కనబడింది. ఆ ముక్కే నాతో మాట్లాడింది.

కోటు లేకుండా తిరగకు. అక్కడ చలి ఉండదని చెప్పకు.

మీ అక్క,
లూయెల్లా

*

హాలీవుడ్
1957 అక్టోబరు 19

అక్కా,

ఉత్తరాలు పొట్టివి కావడానికి కారణం ఎండ కాదు, సాల్ రెస్నిక్. మా నిర్మాత. ప్రతి పదిరోజులకీ అతనికొక కొత్త చావు కావాలి. సిన్సినాటి రేడియోలో పనిచేసినప్పుడు తలుపు కిర్రుమంటే చాలు, వినేవాళ్లు వణికిపోయేవారు. న్యూయార్క్‌లో ప్రసారం జరుగుతుండగానే నటుడు మాట మరిచిపోతే, ఆ భయమే జనానికి సరిపోయేది. ఇక్కడ అంతా ఫిల్ము మీద తీస్తున్నారు. తప్పు జరిగితే మళ్లీ తీస్తారు. కాబట్టి భయమంతా నేనే పుట్టించాలి.

సాల్ నిన్న నన్ను కూర్చోబెట్టి, “పిస్తోళ్లు చాలు వెర్న్. విషాలూ చాలు. సగం కాకముందే మా అత్తగారు పసిగట్టేస్తోంది. చేతికి నెత్తురంటని చావు ఒకటి తీసుకురా” అన్నాడు. మా కార్యక్రమానికి డబ్బిచ్చే గడ్డంసబ్బు కంపెనీవాళ్లకి ఇంట్లో జరిగే హత్యలంటే ఇష్టమట. ఆడవాళ్లు కదలకుండా కూర్చుంటారట.

నీ ఉత్తరాల్లో ఉండేలాంటి మనుషులు నాకిక్కడ దొరకరు. ఇంకా రాయి. ఓరిన్ గది కిటికీలు మూసే ఉంటాయా? ఏ పూలు పెడతారు? రాత్రిళ్లు కూడా అక్కడే ఉంచుతారా? ఊరికే, ఆ గది నా కళ్లకు కట్టాలని అడుగుతున్నాను.

నీ తమ్ముడు,
వెర్న్

*

లార్క్‌ఫీల్డ్
1957 నవంబరు 3

వెర్న్,

చలి కదా, కిటికీలు మూసే ఉంటాయి. కార్నేషన్లు, చేమంతులు ఉన్నాయి. ఈస్టర్‌కని పెంచే తెల్ల లిల్లీలు త్వరలో పైకి తెస్తానంటోంది. రాత్రి కూడా అక్కడే ఉంటాయి. అతనికి నిద్ర పట్టనప్పుడు వాసన తోడుంటుందట.

మన అమ్మమ్మ చూసి ఉంటే గొడవ చేసేది. రాత్రిపూట గదిలో పూలుంటే గాలంతా తాగేస్తాయనేది, గుర్తుందా? నేను టైఫాయిడ్‌తో పడుకున్నప్పుడు గుమ్మం అవతలికి పెట్టించేది. ఆ మాట ఆల్మాతో అంటే పకపకా నవ్వింది. “అదే నిజమైతే మా ఇద్దరికీ పెళ్లైన ఏడాదే గ్రీన్‌హౌస్‌లో ఊపిరాగి ఉండేది” అంది.

చర్చి విందుకి నేను చేసిన నూడుల్స్ అందరికంటే ముందు అయిపోయాయి. ఇది కూడా రాసుకో, ఎవరినైనా దాంతో చంపొచ్చు.

లూయెల్లా

*

హాలీవుడ్
1958 జనవరి 22

అక్కా,

ఫిబ్రవరి ఆరో తేదీ గురువారం తప్పకుండా చూడు. నాటిక పేరు ‘తెల్ల లిల్లీలు’. రెండుసార్లు కూర్చుని రాసేశాను, ఒక్క మాట కొట్టెయ్యాల్సిన పని పడలేదు. ఈ ఏడాదికి ఇదే మేలైనదని సాల్ అంటున్నాడు. చదువుతూ చదువుతూ కిటికీ తెరిచాడు. అంతకన్నా మెప్పు నాకింకేం కావాలి?

చివర్లో ఎప్పటిలాగే తెల్లకోటు ఆయన వచ్చి, “ఈ కథలోని ప్రతి వివరాన్నీ మా నిపుణులు పరిశీలించారు” అంటాడు. ఆయన్ని చూసి ఎక్కువ భయపడకు.

చెప్పుకోవాల్సింది ఒకటుంది. నువ్వు రాసిన ఆ గదిని కాస్త వాడుకున్నాను. మనుషులు వేరు, ఊరు వేరు. నాటికలో మొగుణ్ని చంపే భార్య పడుచుది, ఎర్రజుట్టుది, ఇంకొకడితో వెళ్లిపోవాలని చూసేది. ఆల్మా గారికి పోలికే లేదు. అయినా వాళ్లింట్లో టీవీ లేదన్నావుగా.

వెర్న్

*

లార్క్‌ఫీల్డ్
1958 ఫిబ్రవరి 9

తమ్ముడూ,

హాలు పట్టలేదు. మెట్ల మీద కూడా కూర్చున్నారు. ఆ అమ్మాయి ఒక్కొక్క కుండీనే తెచ్చి మంచం చుట్టూ పెడుతుంటే, అతను ‘ఎంత బాగున్నాయి’ అంటుంటే, నా చేతిలో కాఫీ చల్లారిపోయింది. ఎవరూ ఊపిరి తీసుకోలేదు.

ఆల్మా కూడా వచ్చింది. నేనే పిలిచాను. నెలల తరబడి ఆ గదిలోంచి కదలడం లేదని, కాసేపు బయటికి వస్తే బాగుంటుందని. నువ్వు రాసింది మరిచిపోయాననుకోకు. ఎర్రజుట్టు పిల్ల కదా, ఏం కాదులే అనుకున్నాను.

ఆ అమ్మాయి తలుపు సందుల్లో గుడ్డలు కుక్కుతున్న చోట ఆల్మా లేచింది. మందు వేళైందంది. గుమ్మం దాకా వెళితే నా చెయ్యి పట్టుకుని, “అది నిజమేనా లూయెల్లా?” అని అడిగింది. “మా వెర్న్ ఊరికే రాయడు, డాక్టర్లు చూశాకే వేస్తారు” అన్నాను. ఆ ఊపులో అలా వచ్చేసింది.

కార్యక్రమం అయ్యాక వంటింటి కిటికీలోంచి చూస్తే, మంచులో కుండీలు మోసుకుంటూ గ్రీన్‌హౌస్‌కి వెళుతోంది. కోటు కూడా వేసుకోలేదు. చాలాసార్లు తిరిగింది.

బెర్నీస్ నీ సంతకం కావాలంటోంది.

లూయెల్లా

*

హాలీవుడ్
1958 ఫిబ్రవరి 15

అక్కా,

ఆమెకి ఎందుకలా చెప్పావు? వెళ్లి నవ్వేసి చెప్పు, అదంతా మా అమ్మమ్మ పిచ్చిమాట, మా తమ్ముడు దానికి రంగు పూశాడు అని. గదినిండా పూలున్నా ఎవరికీ ఏమీ కాదు. ఇక్కడి ఆసుపత్రి డాక్టరొకాయన ఫోన్ చేసి మరీ నన్ను వెక్కిరించాడు. ఇవాళే వెళ్లి చెప్పు. మరిచిపోకు.

నా చేతిలో ఇంకో రెండు నాటికలున్నాయి. తర్వాత తీరిగ్గా రాస్తాను.

వెర్న్

*

లార్క్‌ఫీల్డ్
1958 మార్చి 23

వెర్న్,

నువ్వు చెప్పమన్నది చెప్పాలనుకుంటూనే ఉన్నాను. ఒకసారి వెళితే ఆమె మేడ మీద ఉంది. ఇంకోసారి వెళితే డాక్టర్ లిండ్ ఉన్నాడు. తర్వాత నాకు జలుబు చేసింది.

ఓరిన్ మొన్న మంగళవారం పోయాడు.

ఊళ్లో మాటలు బాగా లేవు. శవాన్ని తీసుకెళ్లడానికి వచ్చినవాళ్లు గదిలో ఒక్క పువ్వు కూడా లేదని గమనించారు. అన్నాళ్లు పూలతో నింపి ఉంచి, నాటిక వచ్చిన సాయంత్రమే మొత్తం ఎందుకు తీసేసింది, ఎవరికి భయపడి తీసేసింది, అప్పటికే ఆ పూలు అతనికి చెయ్యాల్సింది చేసేశాయేమో అంటున్నారు. హోమర్ స్టిట్ గుర్తున్నాడా? కుర్చీలు, శవపేటికలు అమ్మేవాడు. మొన్నటి ఎన్నికల్లో మన జిల్లాకి చావుల విచారణాధికారిగా గెలిచాడు. వైద్యం ఒక్క అక్షరం తెలియదు గాని, టీవీ వదలకుండా చూస్తాడు. ఊళ్లోంచి ఆరుగురు జ్యూరీ సభ్యుల్ని పిలిచి బహిరంగ విచారణ పెడతానంటున్నాడు. డాక్టర్ లిండ్ గుండె ఆగిందని రాసిచ్చినా, “ముసలాయన, చెవి కూడా సరిగ్గా వినబడదు” అని పక్కన పెట్టేశాడు. వాళ్లు అనుమానం ఉందని తేలిస్తే ఆల్మాని జైలుకి పంపి కేసు పెడతారు.

ఆల్మా ఎవరికీ జవాబు చెప్పడం లేదు. సమాధి దగ్గర ఆమె పక్కన నిలబడటానికి జనం జంకారు. నేను నిలబడ్డాను. మరీ పక్కన కాదు, కొంచెం వెనక.

లూయెల్లా

*

హాలీవుడ్
1958 మార్చి 28

అక్కా,

నీ ఉత్తరం నిలబడే చదివాను, ఇంకా నిలబడే ఉన్నాను. పద్దెనిమిదేళ్లుగా చావులు రాస్తున్నాను. ఒక్క మనిషి జోలికీ పోలేదని నా ధీమా. కాగితం మీది చావు కాగితం మీదే ఉంటుందనుకున్నాను. నేను వంటింట్లో కూర్చుని అల్లిన గాలికబురుని పట్టుకుని, మన పక్కింటావిడని జైల్లో పెడతారా? ఆమె నన్ను చిన్నప్పుడు గ్రీన్‌హౌస్‌లో చలి కాచుకోనిచ్చేవారు.

సాల్‌కి చెప్పాను. వెళ్లొద్దన్నాడు. “నిపుణులు చూడలేదని నువ్వు జనం ముందు ప్రమాణం చేస్తే సబ్బు కంపెనీ నిన్ను మళ్లీ గుమ్మం ఎక్కనివ్వదు. నేనూ కాపాడలేను” అన్నాడు. అది కూడా నిజమే. మా ఒప్పందంలో ఉంది.

రైలు టికెట్ కొన్నాను. విచారణ రోజుకి వచ్చేస్తాను. మంచం వెయ్యి.

వెర్న్

*

లార్క్‌ఫీల్డ్, నీ వంటింట్లోంచి
1958 ఏప్రిల్ 11

అక్కా,

వచ్చేసరికి తాళం చెవి గుమ్మం మెట్టు కింద, చీటీ బల్ల మీద ఉన్నాయి. జోన్‌కి నెలలు నిండాయని, ఫోర్ట్ వేన్ వెళ్లక తప్పలేదని రాశావు. నీ కూతురికి జూన్‌లో కదా పురుడు? అప్పుడు అర్థం కాలేదు. ఇవాళ అర్థమైంది.

విచారణ అగ్నిమాపక కేంద్రం పైగదిలో జరిగింది. కిటికీల్లో కూడా జనమే. మొదట బెర్నీస్‌ని పిలిచారు. ఆమె ఏం చెప్పిందో నీకు తెలుసు. అయినా రాస్తాను. “లూయెల్లానే నాతో చెప్పింది. ‘మా తమ్ముడు ఎవరినీ ఊహించి రాయడు, మా వీధినే చూసి రాశాడు’ అంది. ‘ఆల్మా మొహం సున్నం కొట్టినట్టయింది, సగంలో లేచి పరిగెత్తి పూలన్నీ బయట పెట్టేసింది’ అంది. నేను డ్రయ్యర్ కింద ఉన్న ముగ్గురికి చెప్పాను. అంతకంటే నాకేం తెలియదు.”

అంటే నా పేరే సాక్ష్యమన్నమాట.

ఆల్మా గారిని నిలబెట్టారు. నల్లదుస్తుల్లో సగానికి సగమైపోయారు.

“ఆ సాయంత్రం పూలు మీరే తీసేశారా?” అన్నాడు హోమర్.

“తీసేశాను.”

“ఎందుకు తీశారమ్మా?”

ఆమె తల దించుకున్నారు. మళ్లీ అడిగాడు. మూడోసారీ అడిగాడు. నోరు విప్పలేదు. జనంలో గుసగుసలు మొదలయ్యాయి. ఆ మౌనం ఎవరికైనా నేరంలాగే కనబడుతుంది. నేను రాసి ఉంటే సరిగ్గా అక్కడే సంగీతం మొదలుపెట్టించేవాణ్ని. అది తట్టినప్పుడు నా మీద నాకే అసహ్యం వేసింది.

తర్వాత నా వంతు. పూల సంగతి మా అమ్మమ్మ మాటనీ, ఒక్క డాక్టర్నీ అడగలేదనీ చెప్పాను.

“మరి చివర్లో ఆ డాక్టరుగారు చెప్పారు కదా?” అన్నాడు హోమర్. నిజంగా నొచ్చుకున్నట్టు అడిగాడు.

“ఆయన డాక్టరు కాదండీ. నటుడు. అదే కోటేసుకుని సబ్బు ప్రకటనలో కూడా నిలబడతాడు.”

“నిపుణులు?”

“లేరు. నేనూ, నా టైపు మిషనూ.”

ఎవరో నవ్వారు. వెంటనే గది మొత్తం చల్లబడిపోయింది. ఆ నవ్వినవాడి మొహంలో నేను చూసింది కోపం. ఇన్నాళ్లూ మోసపోయామన్న కోపం. డాక్టర్ లిండ్‌ని మళ్లీ పిలిచి, ఈసారి గట్టిగా అరిచి అడిగారు. ఆయనా అరిచే చెప్పాడు. సభ్యులు పక్కగదిలోకి వెళ్లి, హోమర్ చుట్ట కాల్చడం పూర్తికాకముందే తిరిగొచ్చారు. సహజమరణమన్నారు.

ఆమెని ఇంటిదాకా దింపాను. కష్టం గడిచిపోయిందనుకుని గుమ్మంలో సెలవు తీసుకోబోయాను. లోపలికి రమ్మన్నారు. కుర్చీ చూపించారు గాని తను కూర్చోలేదు.

“నువ్వు ప్రమాణం చేసి చెప్పావు. నన్ను బయటపడెయ్యడానికి చెప్పావా, నిజంగానే చెప్పావా?” అన్నారు.

“నిజంగానే. పూల వల్ల ఎవరికీ ఏమీ కాదు.”

“ఓరిన్‌కి కూడా ఏమీ కాలేదా?”

“కాలేదు.”

అప్పుడు కూర్చున్నారు. అక్కా, ఆమె అక్కడ ఎందుకు మాట్లాడలేదో తెలుసా? తనే చంపానని నమ్మారు కాబట్టి. తెలియక చేశాను గాని, చేసింది నేనే అనుకున్నారు. శిక్ష వేస్తే వేయించుకుందామని వచ్చారు.

తర్వాత ఇంకో సంగతి చెప్పారు. ఆమె మాటల్లోనే రాస్తాను.

“పూలేవని అడిగాడు. నీకు తోడనుకున్న పూలే నిన్ను చంపుతున్నాయని ఎలా చెప్పను? చెబితే నవ్వేవాడు. నవ్వి, పోనీలే తెచ్చి పెట్టు అనేవాడు. నేను పెట్టేసేదాన్ని. అందుకని గ్రీన్‌హౌస్‌ని వేడిగా ఉంచే బాయిలర్ ఆగిపోయింది, మంచు పట్టి తోటంతా పోయిందని చెప్పాను. నమ్మాడు. లిల్లీలు కూడానా అన్నాడు. లిల్లీలు కూడా అన్నాను. గోడ వైపు తిరిగి పడుకున్నాడు. ఆ తర్వాత తోట ఊసెత్తలేదు. నేను కింద నీళ్లు పోసి వచ్చినప్పుడల్లా చేతులు సబ్బుతో తోముకుని గాని పైకి వెళ్లేదాన్ని కాదు, వాసన పడుతుందని. పోయేముందు ఒకటే అన్నాడు. ‘మనం చేసిందేం మిగల్లేదు కదూ ఆల్మా’ అన్నాడు.”

నేను వెనక కిటికీ వైపు తిరిగాను. 

గ్రీన్‌హౌస్ అద్దాల్లోంచి లిల్లీలు కనబడుతూనే ఉన్నాయి. నాకు తెలిసి ఆ తోట ఎన్నడూ అంత బాగా పూయలేదు.

ఫిబ్రవరిలోనే నువ్వు వెళ్లి ఒక్క ముక్క చెప్పి ఉంటే ఆయనకి నెల రోజులు దక్కేవి. చెప్పలేదేం?

వెర్న్

*

ఫోర్ట్ వేన్
1958 ఏప్రిల్ 16

వెర్నన్,

నీ ఉత్తరం జోన్ స్నానాలగదిలో తలుపేసుకుని చదివాను. అడిగావు కాబట్టి చెబుతున్నాను. వెళ్లి చెబితే నువ్వు అబద్ధాలు రాస్తావని ఒప్పుకోవాలి. మెట్ల మీద దాకా జనం కూర్చుని నిన్ను చూస్తున్న ఇల్లు నాది. ఆ ఇల్లు నాకు బాగుంది. ఇంకో వారం పోనీ, ఇంకో వారం పోనీ అనుకున్నాను.

నేను బెర్నీస్‌తో వాగింది తప్పే. అయినా ఒకటి చెప్పు. నేను చెప్పింది ఒక్క బెర్నీస్‌కి. నువ్వు దేశం మొత్తానికి చెప్పావు. ఆ గది గురించి నేను నీకు రాసింది ముచ్చటపడి. దాన్ని తీసుకుని అక్కడో హంతకురాలిని నిలబెట్టింది నేను కాదు. రాసేటప్పుడు ఒక్కసారైనా ఆమె ముఖం గుర్తొచ్చిందా నీకు?

‘లిల్లీలు కూడానా’ అన్న మాట దగ్గర చదవలేకపోయాను. జోన్ తలుపు కొడుతోంది.

లూయెల్లా

*

హాలీవుడ్
1958 జూన్ 14

అక్కా,

రెండు నెలలు రాయలేకపోయాను. నీ ప్రశ్నకి జవాబు: రాలేదు. ఒక్కసారి కూడా గుర్తు రాలేదు. గది గుర్తొచ్చింది, పూలు గుర్తొచ్చాయి, వెలుగు ఎటునుంచి పడుతుందో గుర్తొచ్చింది.

సామాన్లు సర్దుకుని సాల్ పిలుపు కోసం ఎదురుచూశాను. గెంటేస్తారనుకున్నాను. పిలిచి కౌగిలించుకున్నాడు. విచారణ వార్త దేశంలోని పేపర్లన్నిటికీ ఎక్కిందట. ‘ఊరినే నమ్మించిన రచయిత’ అని శీర్షికలు పెట్టారట. సబ్బు కంపెనీ పెద్దాయన స్వయంగా ఫోన్ చేసి, “అబద్ధమని ఒప్పుకున్నా జనం ఇంకా పూలు గుమ్మం బయటే పెడుతున్నారటయ్యా, మా ఆవిడ కూడా” అని మురిసిపోయాడట. నిజం చెబితే నా బతుకు పోతుందనుకున్నాను. నిజం చెప్పినందుకు పైకి తెచ్చారు. ఇక నా పేరు కార్యక్రమం పేరు కంటే ముందు వేస్తారు.  

పైగా జులైలో ‘తెల్ల లిల్లీలు’ మళ్లీ వేస్తారు. వద్దని కాళ్లావేళ్లా పడ్డాను. అది వాళ్ల సొత్తు, నాకు హక్కు లేదు. ఆఖరికి ఒక బేరం చేశాను. రెండేళ్లు ఇక్కడే రాస్తానని సంతకం పెట్టాను. బదులుగా చివర్లో ఆ తెల్లకోటాయన ఒక్క మాట చెప్పాలి: ‘ఇది కల్పితం, గదిలో పూలుంటే ఎవరికీ హాని లేదు.’ నేను దగ్గరుండి రాశాను, ఆయన చెప్పాడు, నా కళ్ల ముందే తీశారు. ఆల్మా గారితో చెప్పు. ఈ ఒక్కటైనా సరిగ్గా చేశాను.

వెర్న్

*

లార్క్‌ఫీల్డ్
1958 జులై 20

తమ్ముడూ,

నువ్వు చెప్పమన్నది ఈసారి ఉత్తరం అందిన పూటే వెళ్లి చెప్పాను. తలుపు సగమే తెరిచింది. విని, “సరే” అంది. అంతే. విచారణ అయ్యాక మేమిద్దరం మాట్లాడుకోవడం అదే మొదలు.

గురువారం నేనెవర్నీ పిలవలేదు. టీవీ పెట్టాలా వద్దా అని హాల్లో ఒక్కదాన్నే కూర్చున్నాను. వీధిలో అన్ని కిటికీల్లోంచీ ఆ కార్యక్రమం పాట మొదలైంది. ఇంకా పొద్దు వాలలేదు. అప్పుడు తలుపు చప్పుడైంది. ఆల్మా.

“నేను దాన్ని సగమే చూశాను. మిగిలింది చూడాలి” అంది.

కుర్చీ వేశాను. కాఫీ ఇస్తే పట్టుకుంది, తాగలేదు. ఆ పిల్ల కుండీలు మోస్తుంటే నేను చూడలేక తల తిప్పుకున్నాను. ఆల్మా రెప్ప వేయలేదు. గుడ్డలు కుక్కే చోటు దాటింది. అతను పోవడం, ఆ పిల్ల ప్రియుడికి ఫోన్ చెయ్యడం, పోలీసులు రావడం అన్నీ అయ్యాయి. అప్పుడు తెల్లకోటాయన వచ్చాడు. నేను కుర్చీ అంచుకి జరిగాను. “ఈ కథలోని ప్రతి వివరాన్నీ మా నిపుణులు పరిశీలించారు” అన్నాడు. ఇప్పుడు చెబుతాడు, ఇప్పుడు చెబుతాడు అని చూశాను. గడ్డంసబ్బు డబ్బా చేతిలోకి తీసుకున్నాడు, వెర్న్. నవ్వుతూ దాని గురించే చెప్పాడు. పాట వచ్చింది. అయిపోయింది.

నువ్వు రాసిన ఆ మాట నీకు చెప్పే తీసేశారో, చెప్పకుండానో నాకు తెలియదు. నీ రెండేళ్లు మాత్రం వాళ్ల దగ్గరే ఉన్నాయి.

నేను ఏదో అనబోయాను. పొరపాటై ఉంటుందని, నువ్వు నిజంగానే రాశావని. ఆల్మా ఆ మాట కోసం చూడనేలేదు. దాని సంగతే పట్టించుకోలేదు. ఆర్పేసిన తెర వైపు చూస్తూనే ఉంది.

“ఆ ఎర్రజుట్టు పిల్ల,” అంది, “మొదట్నుంచి చివరిదాకా ఒక్కసారైనా మొగుడి పక్కన కూర్చుందా?”

ఆలోచించాను. కూర్చోలేదు. పూలు పెడుతుంది, కిటికీలు మూస్తుంది, గుమ్మంలో నిలబడి చూస్తుంది. నువ్వు ఎక్కడా కూర్చోనివ్వలేదు.

“లేదు” అన్నాను.

“నేను ఆ కుర్చీ అరిగిపోయేలా కూర్చున్నాను. నువ్వు వచ్చినప్పుడల్లా చూశావు. బెర్నీస్ చూసింది. హోమర్ చూశాడు. మరి నన్ను చూసి ఆ పిల్లలాంటిదాన్నని ఎలా అనుకున్నారు లూయెల్లా?”

కోపంగా అడగలేదు. తెలుసుకుందామని అడిగింది. కాఫీ బల్ల మీద పెట్టి, నా జవాబు కోసం చాలాసేపు కూర్చుంది.  చీకటి పడుతుంటే లేచి వెళ్లిపోయింది.

నువ్వు నాకు ఉత్తరం రాయొద్దు. కొన్నాళ్లు మనిద్దరం రాసుకోకపోయినా పరవాలేదు. ఆమె అడిగిందానికి నీకేమైనా తోస్తే కూర్చుని రాయి. ఆమెకే రాయి. పక్కిల్లే, చిరునామా నీకు తెలుసు.

మీ అక్క,
లూయెల్లా